వియ్యపురాలి అడుగు మట్టి

మా పెద్దమ్మ దేముడమ్మకు కుళ్ళు ఎక్కువ. ఈ మాట నేను చాటుగా అనను, ఎదుటే అంటాను. ఆవిడా కాదనదు. కుళ్ళే లేకపోతే తాను ఈపాటికి ఏమైపోయేదో చెప్పమని తిరిగి నన్నే నిలదీస్తుంది. అదీ నిజమే. మా పెదనాన్న నూకయ్య సముద్రం మీద చేపల వేటకు వెళ్ళి తిరిగి రానప్పుడు మల్లేశు ఇంకా పాకుతున్నాడు. ఆవిడ కళ్ళు తుడుచుకుని, నెత్తి మీద బేసిన్ పెట్టుకుని, క్వార్టర్స్ మెట్లెక్కి చేపలమ్మింది. మొగుళ్ళున్న ఆడవాళ్ళు వాకిట్లో కూర్చుని కబుర్లాడుతుంటే చూసి ఒళ్ళు మండి, ఆ మంటతోనే మరో మేడ ఎక్కేదాన్నని తనే చెబుతుంది. తర్వాత రేవులో ఎవరో గొడుగు వేసుకుని అమ్ముతుంటే చూడలేక అంతకన్నా పెద్ద గొడుగు కొంది. పక్కింటి కుర్రాడు ఓడలో ఉద్యోగానికి ఎక్కాడని వినగానే మల్లేశును కుదురుగా నిద్రపోనివ్వలేదు. వాడిని కూడా దీవుల మధ్య తిరిగే ఓడలో ఖలాసీని చేసేదాకా ఊరుకోలేదు.

నేను ఆవిడ చెల్లెలి కూతురిని, సుమను. రేవు ఆఫీసులో పని చేస్తాను, ఆవిడ పక్క వాటాలోనే ఉంటాను. ఈ దీవుల్లో పెద్ద ఓడలు ఆగే హాడోలో, రేవు వెనకాల కొండ వాలు మీద ఉన్నాయి మా ఇళ్ళు. ఒకరి గడప ఇంకొకరి కప్పుకు సరిగ్గా ఉంటుంది. పైవాళ్ళు పారబోసిన నీళ్ళు కిందివాళ్ళ పెరట్లోంచి దిగితే తప్ప సముద్రానికి చేరవు. మా పెద్దమ్మ పెరటి గోడకు ఆనుకునే పైవాళ్ళ పాయిఖానా ట్యాంకు ఉంది. దానికి పగులుందని అందరికీ తెలుసు. వాసన వచ్చినప్పుడు పైకి చూసి తిట్టుకుంటాం, వాన కొట్టి వాసన పోగానే మరిచిపోతాం. ఇక్కడ వానకేం కొదవ.

మల్లేశు భార్య కళ మిడిల్ పాయింట్ బజారులో బట్టల దుకాణంలో పని చేస్తుంది. వాళ్ళ కూతురు చిట్టితల్లి పుట్టినప్పుడు పురుడు పోయడానికి కళ తల్లి గురమ్మ ఉత్తరాన ఉన్న మాయాబందర్ నుంచి ఓడెక్కి వచ్చింది. వచ్చిన మనిషి మళ్ళీ వెళ్ళలేదు. ఆవిడకూ అక్కడ ఎవరూ లేరు. ఇక్కడ చూస్తే మల్లేశు ఓడ మీద, కళ దుకాణంలో, మా పెద్దమ్మ తెల్లారేసరికి రేవులో. పిల్లను చూడడానికి ఇంట్లో ఒక మనిషి ఉండాలా వద్దా? ఉండాలని మా పెద్దమ్మకూ తెలుసు. తెలియడం ఒకటి, ఓర్చుకోవడం ఇంకొకటి.

గురమ్మ నెమ్మదస్తురాలు. గొంతు పెంచదు, ఎదురు చెప్పదు, అడిగితే తప్ప మాట్లాడదు. మా పెద్దమ్మలాంటి మనిషికి ఇంతకన్నా పెద్ద శత్రువు ఎక్కడ దొరుకుతుంది? పోట్లాడుదామంటే పట్టు దొరకదు. పైగా ఆవిడ ఖాళీగా కూర్చోదు కూడా. పెరట్లో గోడ వారన మడులు కట్టి తోటకూర, ముల్లంగి వేసింది. ట్యాంకు చెమ్మకు అవి ఎంత ఏపుగా పెరిగేవంటే, వీధి వీధంతా గురమ్మ తోటకూర గురించే చెప్పుకునేది. ఇన్నేళ్ళు ఆ పెరట్లో ఎండుచేపలు ఆరబెట్టిన మా పెద్దమ్మను ఒక్కరూ ఒక్క మాట మెచ్చుకోలేదు. ఇది కూడా ఆవిడ లెక్కలో పడింది.

అసలు బాధ మాత్రం పిల్ల దగ్గర. చిట్టితల్లి పగలంతా గురమ్మ కొంగు పట్టుకుని మడుల మధ్య తిరిగేది. నిద్రలో కలవరిస్తే "అమ్మమ్మా" అనేది. ఆ మాట విన్న రోజు మా పెద్దమ్మ నా దగ్గరికి వచ్చి కూర్చుని, టీ ఇస్తే తాగకుండా చల్లార్చింది. సాయంత్రం ఇంటికి రాగానే గురమ్మ వేసిన జడ విప్పి మళ్ళీ తాను వేసేది. పోసిన స్నానమే మళ్ళీ పోసేది. అమ్మమ్మ చేతి అన్నం తిన్న పిల్లకు మళ్ళీ కంచం పెట్టి, చేప ముళ్ళు ఏరి ముద్దలు కలిపి తినిపించేది. నువ్వెవరి పిల్లవే అని అడిగితే ఆ గడుగ్గాయి ఇద్దరినీ మార్చి మార్చి చూసి, చిట్టితల్లి పిల్లని అని తప్పించుకునేది.

గురమ్మ మీద ఆవిడ నాతో చేసే ఫిర్యాదుల్లో ఒకటి మాత్రం ఎప్పుడూ మారేది కాదు. తాను రేవు నుంచి వచ్చే వేళకు పిల్ల ఒంటరిగా గేటు పట్టుకుని నిలబడి ఉంటుందట. పొద్దున్నుంచి చూసి విసుగెత్తి, ఎప్పుడు వదిలించుకుందామా అని గురమ్మే అలా వాకిట్లో వదిలేస్తుందట. "పైకి తీపి, లోపల సూస్తే అదీ సంగతి" అనేది. నేను నమ్మలేదు. కానీ ఆ వేళకు నేను ఆఫీసులో ఉంటాను కనుక కాదని చెప్పలేకపోయాను.

ఒకసారి జడ దగ్గర మాటా మాటా పెరిగింది. పెరిగింది అంటే మా పెద్దమ్మ ఒక్కత్తే పెంచింది. కళకు విసుగొచ్చి, ఇలాగైతే అమ్మనూ పిల్లనూ తీసుకుని మాయాబందర్ పోతాను, అక్కడా బట్టల దుకాణాలున్నాయి అంది. ఏదో కోపంలో అన్న మాట. కానీ మా పెద్దమ్మ గుండెల్లో అది దిగబడిపోయింది. రేవులో మాయాబందర్ ఓడ కూత వినపడితే చాలు, బేరం మధ్యలో ఆపి అటు చూసేది. గురమ్మ పిల్లను తీసుకుపోతుంది. ఈ రోజు కాకపోతే రేపు. ఆవిడకు ఆ భయం తప్ప ఇంకో ఆలోచన లేకుండా పోయింది.

ఇంతలో చిట్టితల్లి చిక్కిపోవడం మొదలుపెట్టింది. రెండు చేతులు పోటీపడి తినిపిస్తున్న పిల్ల మరి. చేతులు పుల్లల్లా అయ్యాయి, పొట్ట మాత్రం ముందుకు వచ్చింది. పొడి దగ్గు పట్టుకుని వదల్లేదు. కళ దగ్గుకు చూపిస్తే సిరప్ రాసిచ్చారు. దగ్గు దానంతటదే తగ్గింది, మళ్ళీ కొన్నాళ్ళకు వచ్చింది. బొడ్డు చుట్టూ నొప్పి అని చుట్టుకుని పడుకునేది. అన్నం మీద ఒక రోజు ఆకలి, ఒక రోజు అసహ్యం. రోగమేమిటో మా పెద్దమ్మ ఒక్క చూపులో తేల్చేసింది. అది గురమ్మ కన్ను. మెత్తటి మనుషుల దిష్టికి తిరుగులేదట.

దిష్టి ఎవరిదో తెలిస్తే మా వాళ్ళు తీసే పద్ధతి వేరు. ఆ మనిషి కాలు మోపిన చోట అడుగు కింది మట్టి తీయాలి. అందులో ఉప్పు కల్లు, ఎండుమిరపకాయలు కలిపి పిల్ల చుట్టూ తిప్పి నిప్పుల్లో వేయాలి. మిరపకాయ ఘాటు రాకపోతే దిష్టి ఉన్నట్టు. ఇంతవరకూ అందరిళ్ళలోనూ ఉన్నదే. మా అమ్మమ్మ మాత్రం దీనికి ఒకటి కలిపింది. నిప్పుల్లో వేసే ముందు ఆ మట్టిలో చిటికెడు, ఒక ఉప్పు కల్లుతో కలిపి, పిల్ల నాలుకకు రాసేది. పైన పడిన దిష్టి నిప్పుకు పోతుంది, లోపల దిగిన దిష్టికి ఇది మందు అని ఆవిడ నమ్మకం. నా చిన్నప్పుడు నా నాలుకకూ రాసింది. కరకరలాడిన ఆ రుచి నాకింకా గుర్తుంది. కానీ అప్పుడు మేమున్నది సముద్రపు ఒడ్డున పాకలో. కాలు ఎక్కడ మోపినా ఎండకు కాలి, కెరటాలకు తడిసే ఇసుకే తప్ప మట్టి లేదు.

ఇక్కడ గురమ్మ కాలు మోపేది ఎక్కడ? తోటకూర మడుల్లో. తెల్లవారుజామున రేవుకు వెళ్ళేముందు మా పెద్దమ్మ పెరట్లోకి వెళ్ళి, నిన్నటి తడి మీద దిగిన వియ్యపురాలి అడుగు వెతుక్కునేది. మడమ దిగిన చోట గుప్పెడు తవ్వి కొంగున ముడి వేసుకునేది. సాయంత్రం కొబ్బరి డొక్కలు రాజేసి, గురమ్మ స్నానానికి వెళ్ళిన సమయం చూసి తంతు కానిచ్చేది. మొదట ఆదివారాలు తీసేది. పిల్ల తేరుకోకపోయేసరికి గురువారాలు కూడా కలిపింది. ఘాటు రాకపోతే చూశావా అనేది, వస్తే ఈసారి పోయిందిలే అనేది. వారం తిరిగేసరికి పిల్ల మళ్ళీ పొట్ట పట్టుకునేది, ఆవిడ మళ్ళీ మడిలోకి వెళ్ళేది. గురమ్మ కన్ను ఎంత పదునైనదో చూడమని నాకు చెప్పేది.

దిష్టి తీస్తోందని నాకు తెలుసు. నాలుకకు రాస్తున్న సంగతి తెలియదు. తెలిస్తే ఏం చేసేదాన్నో అదీ చెప్పలేను.

ఫిబ్రవరిలో అంగన్‌వాడీలో పిల్లలందరికీ నులిపురుగుల మాత్ర ఇచ్చే రోజు వచ్చింది. గురమ్మ ముందు రోజే పిల్లకు ఉతికిన గౌను తీసిపెట్టుకుని, రేపు చిట్టితల్లికి తీపి బిళ్ళ ఇస్తారు, నేను తీసుకెళ్తానని మురిపెంగా చెప్పింది. ఆ మురిపెం మా పెద్దమ్మకు కంట్లో నలుసు. అమ్మమ్మ చేతి మీదుగా తీపి బిళ్ళా? ఆ పొద్దున రేవు మానేసి, పిల్లకు ఆ గౌనే తొడిగి, చాతం జెట్టీకి తీసుకుపోయింది. ఫెర్రీ ఎక్కించి అవతలి ఒడ్డున బంబూఫ్లాట్ చూపించి, ఐస్‌క్రీమ్ కొనిపెట్టి సాయంత్రానికి తెచ్చింది. మాత్ర వేసుకోని పిల్లలను కొన్ని రోజులకు మళ్ళీ పిలిచి వేస్తారు. ఆ రోజున చిట్టితల్లికి జ్వరం, దగ్గు. తగ్గాక వేద్దామన్నారు. తగ్గేసరికి అందరం ఆ సంగతే మరిచిపోయాం.

జూన్ వానల్లో ఒక మధ్యాహ్నం కళ ఫోన్ చేసి ఏడ్చింది. నేను ఆఫీసు నుంచి, పెద్దమ్మ రేవు నుంచి తడుస్తూ ఇల్లు చేరాం. చిట్టితల్లి పొట్ట రాయిలా బిగుసుకుని ఉంది. పచ్చగా వాంతి చేసుకుంది. ఆ వాంతిలో జానెడు పొడవున, పాలిపోయిన గులాబీ రంగులో, వానపాములాంటిది ఒకటి మెల్లగా కదులుతోంది. కళ కెవ్వుమంది. గురమ్మ పిల్లను ఎత్తుకుని మెట్ల వైపు నడిచింది. మా పెద్దమ్మ అంత సందట్లోనూ పిల్లను తన చేతికిమ్మని అడిగింది. గురమ్మ వినిపించుకోకుండా మెట్లు దిగింది. ఆటోలో ఆసుపత్రి చేరేదాకా మా పెద్దమ్మ పిల్ల పాదం ఒక్కటీ పట్టుకుని కూర్చుంది. ఆవిడకు అందింది అంతే.

పెద్దాసుపత్రిలో మణికుమార్ అనే డాక్టరు చూశాడు. అరవ మనిషి, హిందీలో మాట్లాడాడు. నేను పెద్దవాళ్ళిద్దరికీ తెలుగులో చెబుతూ వచ్చాను. స్కానింగ్ తీయించి, అవి ఏలికపాములని చెప్పాడు. ఒకటో రెండో అయితే ఉన్నట్టే తెలియదట. పిల్ల పేగులో అవి ఒకదానికొకటి పెనవేసుకుని ఉండలా చుట్టుకుని దారి మూసేశాయి. నోటి నుంచి ఏమీ ఇవ్వకుండా సెలైన్ ఎక్కించి, ముక్కులోంచి గొట్టం వేసి చూస్తామన్నాడు. ఉండ దానంతటదే విడిపోవచ్చు. రేపు పొద్దుటికి విడిపోకపోతే పొట్ట కోయాలి.

ఇవి ఒకరి నుంచి ఒకరికి నేరుగా అంటవట. రోగం ఉన్న మనిషి దొడ్డికి వెళితే గుడ్లు బయటపడతాయి, కంటికి కనపడనంత చిన్నవి. బయట పడగానే వాటికి శక్తి ఉండదు. చెమ్మగా, నీడగా ఉన్న మట్టిలో కొన్ని వారాలుంటే అప్పుడు పండుతాయి. పండినవి నెలల తరబడి, ఒక్కోసారి ఏళ్ళ తరబడి మట్టిలో అలాగే కాచుకుని ఉంటాయి. గోళ్ళలోనో, కడగని ఆకుకూరలోనో చేరి నోట్లోకి వెళితే కడుపులో పిల్లలవుతాయి. ఆ పిల్లలు కుదురుగా అక్కడే ఉండవు. పేగు గోడ తొలుచుకుని, నెత్తుట్లో పడి ఊపిరితిత్తులకు పోతాయి. పిల్లకు వచ్చిపోతున్న దగ్గు అందుకే అయి ఉంటుందన్నాడు. అక్కణ్నుంచి గొంతులోకి పాకి, మళ్ళీ మింగుడుపడి, అప్పుడు పేగులో కాపురం పెడతాయి. ఉత్తరాన మాయాబందర్ పోవలసిన ఓడ దక్షిణాన హట్‌బే చుట్టి వచ్చినట్టు ఉంది కదా అని నాకనిపించింది. పిల్ల ఎంత తిన్నా ఒంటికి పట్టకపోవడానికి కారణం అది. ఇద్దరు ముసలమ్మలూ పోటీపడి మేపింది వాటిని.

మా దీవుల్లో వానా చెమ్మా ఎలా ఉంటాయో చెప్పనక్కరలేదు. అయినా ఇంత దండిగా చేరాయంటే పిల్ల కడుపులోకి మట్టి పదే పదే పోయి ఉండాలని డాక్టరు అన్నాడు. పిల్లకు మట్టి తినే అలవాటు ఉందా అని అడిగాడు. నేను ఆ మాటే తెలుగులో అడిగాను.

మా పెద్దమ్మ మొహం ఎలా అయిందో నేను ఆ క్షణంలో చూడలేదు. గురమ్మే ముందుకొచ్చింది. కడగని చేతులతో పిల్ల మడుల్లో ఆడుకుంటుందనీ, పక్కనే ట్యాంకు కారుతోందని తెలిసీ అక్కడ మడులు కట్టింది తానేననీ, పిల్లను అప్పజెప్పింది తనకు కనుక తప్పు తనదేననీ నెమ్మదిగా చెప్పింది. ఆవిడ కళ్ళల్లోంచి నీళ్ళు కారుతున్నాయి. కళ తల్లి భుజం మీద చెయ్యి వేసింది. డాక్టరు కూడా గొంతు తగ్గించి, నానీజీ, మీరొక్కరే ఏం చేస్తారు, ట్యాంకు బాగుచేయించవలసింది వేరేవాళ్ళు కదా అని ఓదార్చాడు. నర్సు కుర్చీ తెచ్చి వేసింది.

అప్పుడు చూశాను మా పెద్దమ్మ మొహం. ఆ మొహం నాకు పుట్టినప్పటి నుంచీ తెలుసు. పక్క గొడుగు కిందికి బేరం పోతున్నప్పటి మొహం అది. గురమ్మకు కుర్చీ. గురమ్మకు కూతురి చెయ్యి. చెయ్యని తప్పు నెత్తిన వేసుకుని అందరి ముందూ మంచిదానిగా నిలబడే భాగ్యం కూడా గురమ్మకే. నోరు మూసుకుంటే చాలు, మా పెద్దమ్మ తప్పు ఎన్నటికీ బయటపడదు. చెబితే కళ పిల్లను తీసుకుని మాయాబందర్ పోవడం ఖాయం. ఇది ఆవిడకు తెలియక కాదు. కానీ ఆ కుర్చీని చూస్తూ ఊరుకోవడం ఆవిడ వల్ల కాలేదు.

"ఆవిడ కాదు," అంది మా పెద్దమ్మ. "నాను పెట్టినాను. నా సేత్తోనే దాని నాలిక్కి రాసినాను."

అంతా చెప్పేసింది. అడుగు మట్టి, ఉప్పు కల్లు, ఆదివారాలు, గురువారాలు, చాతం ఫెర్రీ. ఒక్కటీ దాచలేదు. చెబుతూ చెబుతూ కూడా, మడులు ఆవిడవి కావచ్చు గానీ పిల్ల నోట్లో పెట్టింది మాత్రం తానేనని నొక్కి నొక్కి చెప్పింది. ఆ నేరంలో గురమ్మకు వాటా ఇవ్వడం కూడా ఇష్టం లేనట్టుంది. నేను తెలుగును హిందీ చేస్తూ వచ్చాను. డాక్టరు అంతా కేసు షీటులో రాసుకున్నాడు. తర్వాత, ఏ మట్టిలోంచి ఏ గుడ్డు వచ్చిందో తాను చెప్పలేడు గానీ, ఆ పద్ధతిలో మొత్తం మట్టినీ నిప్పుల్లోనే వేసి ఉంటే ఏ ఇబ్బందీ లేకపోయేదని అన్నాడు. వేడికి అవి బతకవట. అది విని మా పెద్దమ్మ గోడకు ఆనుకుని కింద కూర్చుండిపోయింది.

కళ అత్తగారి మొహం చూడలేదు. తల్లితో అంది. "బస్ అమ్మా, ఇంక చాలు. డిశ్చార్జ్ అవగానే చిట్టితల్లిని తీసుకుని మాయాబందర్ పోదాం."

ఆ మాట ఎప్పటికైనా వస్తుందని మా పెద్దమ్మ భయపడీ భయపడీ, తీరా వచ్చేసరికి తన చేతులతో తానే తెచ్చుకున్నట్టయింది. ఆ సాయంత్రం అందరం వార్డు బయట వరండాలో, ఒకరికొకరం దూరదూరంగా కూర్చున్నాం. వాన పడుతూనే ఉంది.

తెల్లారాక నర్సు వచ్చి వాంతులు ఆగాయని, పొట్ట మెత్తబడిందని, ఉండ విడిపోయినట్టే ఉందని చెప్పింది. ఇక కోయక్కరలేదు. కాస్త తేరుకున్నాక మాత్ర ఇస్తారు. కళ పరుగున లోపలికి వెళ్ళింది. మా పెద్దమ్మ లేవబోయి, తనను రానిస్తారో లేదోనని మళ్ళీ కూర్చుంది. అప్పుడు గురమ్మ లేచి వచ్చి, కుర్చీలు ఖాళీగా ఉన్నా మా పెద్దమ్మ పక్కన నేల మీదే చతికిలబడింది.

"నువ్వు నా అడుగు మట్టి తీస్తన్నావని నాకు తెలుసు వదినా," అంది. "మడిలో నీ సేతి ఏళ్ళ గుంటలు కనబడవేటి?"

నాలుక సంగతి తెలియదట, మట్టి తీయడం మాత్రం మొదటి రోజు నుంచీ తెలుసట. మా పెద్దమ్మ తెల్లబోయింది. తెలిసి ఎందుకు ఊరుకున్నావని అడిగింది.

"ఊరుకోలేదు. నీకు బాగా దొరకాలని మడమ గట్టిగా నొక్కి నడిసేదాన్ని. దిష్టి నాదేననుకున్నాను."

"నువ్వెందుకు దిష్టి పెడతావు? దానికి నువ్వంటే పేణం."

"దానికి కాదు. నీకు," అంది గురమ్మ. "నీ మీద నాకు కుళ్ళు వదినా. ఆ కుళ్ళే పిల్లకి తగిలిందేమోనని ఏడ్సినాను."

గురమ్మ తన మామూలు గొంతుతోనే చెప్పుకొచ్చింది. పొద్దున్నుంచి పిల్లను మోసేది, కడిగేది, తినిపించేది, నిద్రపుచ్చేది తాను. సాయంత్రం మలుపులో ఖాళీ బేసిన్ చప్పుడైతే చాలు, నోట్లో ముద్ద ఊసేసి, పట్టుకున్న కొంగు విదిలించుకుని, గేటు దగ్గరికి పరిగెత్తుతుంది. పిలిచినా వెనక్కి చూడదు. ఒక రోజు ఎత్తుకుని ఆపబోతే చెయ్యి కొరికింది. ఆ వేళకు తాను పెరట్లోకి పోయి, మడుల్లో కూర్చుని, వాళ్ళిద్దరి నవ్వులూ వినపడకుండా మొక్కలకు నీళ్ళు పోస్తూ ఉంటుంది. ఇప్పుడు కళ మాయాబందర్ అంటోంది. అక్కడ సాయంత్రం అయితే ఆ పిల్ల ఏ గేటు పట్టుకుని నిలబడుతుంది? తాను మాత్రం తీసుకెళ్ళనని, తీసుకెళ్ళనివ్వనని చెప్పింది.

మా పెద్దమ్మ గురమ్మ వైపు తిరిగి కూర్చుంది. తన జన్మలో ఎంతమంది మీద కుళ్ళుకుందో లెక్క లేదు. తన మీద కుళ్ళుకునే మనిషి ఈ భూమ్మీద ఒకరుంటారని ఎన్నడూ అనుకోలేదు. చివరికి గురమ్మ మోకాలి మీద చెయ్యి వేసి, కాస్త సిగ్గుపడుతూ అడిగింది.

"నోట్లో ముద్ద ఊసేస్తాదా?"

"ఊసేస్తాది."

"పిలిసినా సూడదా?"

గురమ్మ చూడదని చెప్పింది. మా పెద్దమ్మ కొంగు మొహానికి అడ్డం పెట్టుకుని ఏడ్చింది. అందులో సగం సంతోషమని నేను గట్టిగా చెప్పగలను.

మాత్ర పని చేసింది. ఇంట్లో అందరూ వేసుకోవాలన్నారు, నేను కూడా వేసుకున్నాను. మల్లేశు ఓడ దిగి వచ్చి పైవాళ్ళతో కలిసి ట్యాంకు పగులు పూడ్పించాడు. గోడ వారన మడులు తీసేశారు. గురమ్మ ఇప్పుడు గోనెసంచుల్లో దుకాణంలో కొన్న మట్టి పోసి తోటకూర వేస్తోంది, కూర కోశాక నీళ్ళల్లో వేసి వేసి కడుగుతుంది. చిట్టితల్లి కాళ్ళకు చెప్పులు వచ్చాయి, గోళ్ళు కత్తిరించడం నాన్నమ్మ పని. కళ అత్తగారితో మాట్లాడడానికి కొన్నాళ్ళు పట్టింది. మాయాబందర్ మాట మళ్ళీ ఎత్తలేదు.

దిష్టి తీయడం మానేసిందా అంటే, మానలేదు. కొబ్బరి డొక్కలు ఇప్పటికీ రాజుకుంటాయి. మట్టి మాత్రం అంతా నిప్పుల్లోకే పోతుంది.

మారనిది ఇంకొకటి కూడా ఉంది. ఈ మధ్య ఆఫీసు తొందరగా అయిపోయి, సాయంత్రం మా పెద్దమ్మతో కలిసి కొండెక్కాను. ఇంటి మలుపు ఇంకా చాలా దూరముండగానే ఆవిడ నెత్తి మీది బేసిన్ దించి చంకన పెట్టుకుంది. బొడ్డున దోపుకున్న చేపల కత్తి తీసి, దాని పిడితో బేసిన్ మీద ఠంగుఠంగుమని కొట్టడం మొదలుపెట్టింది. వీధి వీధంతా చెవులు మూసుకుంది. ఇంత దూరం నుంచే ఎందుకు పెద్దమ్మా అని అడిగాను.

"పిల్లకి కాదే," అంది నవ్వు ఆపుకుంటూ. "దానికి ఎలాగూ వినపడతాది. మీ గురమ్మత్త వినాలి."